ఆగస్టు లేని ఏడాది

...అయినా దాన్ని మర్చిపోవడం అనరు. మర్చిపోవాలంటే ముందు అది మన దగ్గర ఉండాలి కదా. హాకీ సెమీఫైనల్ రెండో సగం ఆమె దగ్గర అసలెప్పుడూ లేదు. నీలం మైదానం మీద చల్లిన నీళ్ళ వాసన ఉంది. బంతి ముసుగుకు తగిలిన చప్పుడు ఉంది. ఆ తర్వాత బస్సులో ఎవరో చేతిలో పెట్టిన అరటిపండు ఉంది. మధ్యలో చీకటి కూడా లేదు. చీకటి ఉన్నా బాగుండేది. చీకటంటే అక్కడొక గది ఉందని అర్థం, తడుముకుంటూ వెళ్తే ఏదో ఒకటి చేతికి తగులుతుంది. ఇక్కడ చప్పుడూ అరటిపండూ ఒకదానికొకటి అతుక్కుపోయి ఉన్నాయి, గోరు దూర్చడానికి కూడా సందు లేకుండా.

ఆ సగం ఆటను నిన్న వీడియోలో చూసి నేర్చుకుంది. పుట్టకముందు జరిగిన తల్లిదండ్రుల పెళ్ళిని ఫొటోల్లో చూసి "ఆ రోజు ఎంత వాన పడిందనుకున్నావ్!" అని చెప్పే పిల్లలు ఉంటారే, అలా. బంతి తగిలి పడిపోయింది. లేచింది. జట్టు డాక్టరమ్మ మైదానంలోకి పరిగెత్తుకొచ్చి ఏదో అడిగింది. వీడియోలో మాటలు వినపడవు గానీ, తలకు తగిలితే ఏం అడుగుతారో తెలిసిందే. ఏ సగం ఆడుతున్నాం, చివరి గోలు ఎవరు కొట్టారు. వీడియోలోని మనిషి జవాబు చెప్పేముందు డాక్టరమ్మ భుజం మీదుగా పైకి చూసింది. అక్కడ స్కోరు బోర్డు ఉంది. ఆ చూపు మాత్రం ఆమె గుర్తు పట్టింది. దొంగతనం గుర్తు లేకపోయినా దొంగ తన సొంత చేతివాటాన్ని గుర్తుపట్టినట్టు.

హోటల్ నడవా చివర, డాక్టరమ్మ గది బయట, గోడకు ఆనించిన కుర్చీలో కూర్చుని ఉందామె. పైన దీపం సన్నగా వణుకుతోంది. అది వణుకుతోందో, తన కన్ను వణుకుతోందో తెలియక టోపీ కిందికి లాగింది. మధ్యాహ్నం ఫైనల్. ఇప్పుడు లోపలికి వెళ్ళి పరీక్ష చేయించుకుంటే ఆడొచ్చో లేదో తేలుతుంది. పదమూడేళ్ళుగా దేశం తరఫున ఆడుతోంది. ఫైనల్ దాకా రెండుసార్లు వచ్చి, రెండుసార్లూ మెడలో వెండి వేయించుకుని, తల వంచుకుని వెళ్ళిపోయింది. ముప్పై ఒకటి దాటింది. మూడోసారి అంటూ వస్తే అది ఇదే.

జట్టులో ఆమెను గొళ్ళెం అంటారు. చిన్నప్పుడు గులకరాళ్ళ మైదానంలో ఆట నేర్పిన మాస్టారు పెట్టిన పేరు. "తలుపులు ఎన్నుంటే ఏం లాభమే? గొళ్ళెం లేని ఇల్లు ఇల్లా, సంతా? ఇదిగో, మనకు గొళ్ళెం దొరికింది," అన్నాడాయన, ఆమె మొదటిసారి బంతికి అడ్డంగా పరిగెత్తిన రోజు.

హాకీలో పెనాల్టీ కార్నర్ అంటే, అవతలి వాళ్ళకు మన గోలు ముందు తీరిగ్గా గురి చూసి కొట్టుకోమని అవకాశం ఇవ్వడం. ఇటు పక్క గోల్‌కీపర్ కాక నలుగురే గోలు గీత వెనక కాచుకుని ఉంటారు. అటు ఒకరు బంతిని నెడతారు, ఒకరు ఆపుతారు, ఇంకొకరు దాన్ని కర్రతో ఈడ్చి విసురుతారు. ఆ విసిరే మనిషి మీదికి సూటిగా పరిగెత్తే పని ఒకరిది. దాన్ని మొదటి పరుగు అంటారు. బంతిని ఆపితే సంతోషమే, కానీ అసలు పని అది కాదు. బంతి వచ్చే దారిలో తను ఉండటమే పని. ముఖానికి ముసుగు, మోకాళ్ళకు తొడుగులు, చేతికి లావుపాటి గ్లోవు. మిగతా ఒళ్ళంతా దేవుడి మీద భారం. మీదికొచ్చేదాన్ని చూసి తల తిప్పుకోవడం మనిషికి పుట్టుకతో వచ్చిన బుద్ధి. ఆ బుద్ధిని చంపుకున్నవాళ్ళకే ఈ పని దొరుకుతుంది. ఆమె చిన్నతనంలోనే చంపుకుంది. చంపాక అది ఎక్కడికి పోతుందో ఎప్పుడూ ఆలోచించలేదు.

అమ్మకు ఈ పని ఏనాడూ నచ్చలేదు. టీవీలో పెనాల్టీ కార్నర్ వస్తే చాలు, వంటింట్లోకి వెళ్ళి కొళాయి తిప్పి, చప్పుడు వినపడకుండా గిన్నెలు తోముతుంది. "మీ వాళ్ళు ఇంకో కార్నర్ ఇచ్చారంటే తోమడానికి గిన్నెలు మిగల్లేదే, పక్కింట్లోవి తెచ్చుకోవాలి," అంటుంది ఫోన్లో. "అందరికీ గోలు కొట్టే పనులిచ్చి, నీకొక్కదానికే తన్నులు తినే పని ఇచ్చారేం? నోరు లేని దానివనా?"

"నోరు ఉంది గాబట్టే ముసుగు ఇచ్చారమ్మా."

"ఏడ్చినట్టుంది నీ జోకు."

తలుపు తెరుచుకుంది. "రామ్మా గొళ్ళెం," అంది డాక్టరమ్మ.

లోపలికి వెళ్ళేముందు ఆమె ఒక నిర్ణయం తీసుకుంది. ఈసారి దొంగాట ఆడకూడదని.

దొంగాట నేర్పింది, జట్టంతా పెద్దక్క అని పిలిచే సీనియర్. ఆమె కంటే ముందు జట్టులో మొదటి పరుగు పెద్దక్కది. మొదటి శిబిరంలో ఇద్దరిదీ ఒకే గది. రాత్రి దీపం ఆర్పబోతూ పెద్దక్క చెప్పింది, "ఒసే పిల్లా, రేపు తలకాయ పరీక్ష. బాగా చేసేవు, జాగ్రత్త!"

"బాగా చేస్తే తప్పేంటక్కా?"

"బాగా చేస్తే నీ గొయ్యి నువ్వు తవ్వుకున్నట్టే. ఏటా ఆట మొదలయ్యే ముందు ఈ పరీక్ష పెడతారు. మధ్యలో ఎప్పుడో తలకు తగులుతుంది కదా, అప్పుడు మళ్ళీ ఇదే పెట్టి పాతదానితో పోల్చి చూస్తారు. ఇప్పుడు గుంజలా నిటారుగా నిలబడ్డావనుకో, అప్పుడు కాస్త ఊగినా బెంచీ మీద కూర్చోబెట్టేస్తారు. అందుకని ఇప్పుడే ఊగు. మరీ తాగినదానిలా కాదు, కాస్త. నెలల పేర్లు వెనక నుంచి చెప్పమంటారు. ఒకటి మింగెయ్. ఏటా అదే మింగు. మార్చి మార్చి మింగితే ఏది మింగావో నీకే గుర్తుండి చావదు."

పెళ్ళిచూపుల్లోనే పిల్లకు చెవుడని చెప్పేస్తే, రేపు అత్తగారు ఎంత అరిచినా బాధ లేదన్నట్టు. ఇద్దరూ దుప్పట్లు నోట్లో కుక్కుకుని నవ్వారు. ఇది మోసం అని జట్టులో ఎవరూ అనుకోరు. కొత్త బూట్లను నానబెట్టి మెత్తబరుచుకోవడం లాంటిదే ఇదీ. పెద్దవాళ్ళు చిన్నవాళ్ళకు చెబుతారు. ఆమె ఆగస్టును ఎంచుకుంది. ఆ నెలలో వాళ్ళింట్లో ఎవరూ పుట్టలేదు, ఎవరూ పోలేదు. మింగినా అడిగేవాళ్ళు లేరు.

డాక్టరమ్మ గదిలో మంచానికి బదులు మాలిష్ బల్ల ఉంది. మూలన ఐసు పెట్టె, దాని మీద కట్టుగుడ్డల కట్ట, కిటికీ గట్టున చల్లారిన టీ. డాక్టరమ్మ ఒళ్ళో ట్యాబ్ పెట్టుకుని అంకెలు చదివింది. ఆమె వాటిని వెనక నుంచి చెప్పింది. కొన్ని సాఫీగా వచ్చాయి. కొన్నింటి కోసం చెయ్యి చాచింది, ఎత్తులో ఉన్న అటక మీదికి చాచినట్టు.

"ఇప్పుడు నెలలు చెప్పు. డిసెంబర్ నుంచి."

ఆమె ఊపిరి తీసుకుంది. ఇంత శ్రద్ధగా ఏ పనీ చేసి చాలా కాలమైందనిపించింది. డిసెంబర్. నవంబర్. ఒక్కొక్క నెలనూ పేరు పెట్టి పిలిచి, అది లేచి నిలబడ్డాకనే తర్వాతి దాన్ని పిలిచింది. జనవరి దాకా వచ్చి ఆగింది. ఎక్కడా తప్పలేదు. గుండెలో ఏదో బరువు దిగింది. చూశావా, ఏం కాలేదు, ఊరికే భయపడ్డావు.

డాక్టరమ్మ తెర మీద వేలు ఆడించి చిన్నగా నవ్వింది. "నీకూ ఆగస్టుకూ ఏమిటమ్మా తగాదా?"

"ఏం?"

"మళ్ళీ వదిలేశావుగా. అప్పుడూ అదే, ఇప్పుడూ అదే. సెప్టెంబర్ నుంచి జూలైకి దూకేశావు."

ఆమె కూడా నవ్వింది. నవ్వకపోతే బాగుండదు. చెప్పింది కదా! సెప్టెంబర్ తర్వాత ఆగస్టును పిలిచింది, అది లేచి నిలబడింది, తను చూసింది కూడా. లేదా, ఇన్నేళ్ళుగా మింగిన నెల ఇక పైకి రానని లోపలే కూర్చుందా? అలవాటా, దెబ్బా? రెంటినీ విడదీయడానికి సందు లేదు. చప్పుడూ అరటిపండూ అతుక్కున్నట్టే అతుక్కుని ఉన్నాయి.

తర్వాత నిలబడటం. ఒక పాదం ముందు ఇంకో పాదం, మడమకు బొటనవేలు ఆనించి, చేతులు నడుము మీద, కళ్ళు మూసుకుని. ఆమె కాళ్ళు నేలలోకి దిగాలని కోరుకుంది. ఏ కాళ్ళు? పదమూడేళ్ళు ఆమెను బంతి ముందు నిలబెట్టిన కాళ్ళు, బస్సు మలుపు తిరుగుతుంటే ఒంటికాలి మీద నిలబడి బూటు దారం కట్టుకునే కాళ్ళు. కళ్ళు మూసిన మరుక్షణం గది మెల్లగా ఒక పక్కకు ఒరిగింది, నీళ్ళలో పడవ ఒరిగినట్టు. కాలు పక్కకు పడింది. మళ్ళీ సర్దుకుంది. మళ్ళీ పడింది. పళ్ళు బిగించింది. పక్కటెముకల కింద చెమట పాకడం తెలుస్తోంది.

"చాలు. కళ్ళు తెరువు," అంది డాక్టరమ్మ. రెండు ఫలితాలనూ పక్కపక్కన పెట్టి చూసుకుంది. "తేడా ఏం లేదు. అప్పుడు ఎన్నిసార్లు తూలావో ఇప్పుడూ ఇంచుమించు అన్నిసార్లే. ఆడొచ్చు." తర్వాత ఒక్క క్షణం ఆమె ముఖంలోకి చూసింది. "తలనొప్పి, వెలుతురు గుచ్చుకోవడం, ఏమైనా ఉందా? ఈ పరికరం పోల్చడం వరకే చేస్తుంది. లోపల సంగతి నువ్వు చెప్తేనే నాకు తెలిసేది."

"ఏం లేదు డాక్టరమ్మా."

"సరే. ఏదైనా అనిపిస్తే వచ్చి తలుపు తట్టు. బస్సు కదిలేదాకా ఇక్కడే ఉంటాను."

నడవాలోకి వచ్చి గోడ పట్టుకుంది. అప్పుడు ఊగినట్టు నటించింది. ఇప్పుడు నటించలేదు. రెండింటికీ లెక్క సరిపోయింది. ఆ నటన ఇన్నాళ్ళూ ఆమె కోసమే దాచిన చొక్కాలా ఉంది. ఇవాళ తొడుక్కుంటే ఎక్కడా వదులు లేకుండా సరిపోయింది.

కోచ్ లిఫ్టు దగ్గర ఎదురయ్యాడు. "ఏమైంది? గొళ్ళెం పడుతుందా?"

"పడుతుంది సార్."

"హమ్మయ్య! లేకపోతే ఆ మిడతను దింపాల్సొచ్చేది. పిల్లకు దూకుడు ఉంది గానీ, ఇంకా..." చెయ్యి ఊపుకుంటూ వెళ్ళిపోయాడు. ఆమె పరిగెత్తకపోతే మొదటి పరుగు మిడతదే.

గదిలో మిడత మంచం మీద వెల్లకిలా పడుకుని, కాళ్ళు గోడకు ఆనించి, తలకిందులుగా ఫోను చూస్తోంది. ఇరవై నిండిన పిల్ల. నడవడం చేతకాదు, ఎక్కడికైనా గెంతుతూనే వెళుతుంది. అందుకే ఆ పేరు.

"ఏమందక్కా డాక్టరమ్మ?"

"ఆడొచ్చంది."

"నాకు తెలుసు!" మిడత ఒక్క గెంతులో లేచి కూర్చుంది. "ముందే ఊగి పెట్టుకున్నావుగా! నువ్వు మామూలుదానివి కాదు తల్లీ. నీ కాళ్ళకు దండం పెట్టాలి."

"ముందు నీ కాళ్ళ సంగతి చూడు, గోడంతా మచ్చలు పడ్డాయి." ఆమె కర్టెన్ మూసి కూర్చుంది. వెలుతురు తగ్గాక కంటి వెనకాల సూది కాస్త వెనక్కి జరిగింది. ఎందుకు అడుగుతోందో తెలియకుండానే అడిగింది. "నీకెప్పుడైనా తగిలిందా?"

"తగలకుండా ఉంటుందా? వచ్చే ముందు శిబిరంలో తగిలింది కదా, నువ్వు ఊరెళ్ళినప్పుడు. కర్ర వచ్చి ఇదిగో, ఇక్కడ. రెండు రోజులు ఒకటే వాంతులు. టీలో ఏదో పడిందని చెప్పాలే. తర్వాత పరీక్ష పెట్టారు. మార్చిని మింగేశాను, పాసు!"

మార్చిని మింగమని చెప్పింది ఆమే. పెద్దక్క చెప్పినట్టే, దీపం ఆర్పబోతూ, నవ్వుతూ.

"అప్పుడు మార్చిని కావాలనే వదిలావా?"

"అదేం ప్రశ్నక్కా?" మిడత నవ్వింది. నవ్వు మధ్యలో ఆగి, పైకి చూసి కాస్త ఆలోచించింది. "కావాలనే... అనుకుంటా."

మళ్ళీ ఫోనులో పడిపోయింది. ఆమె మాత్రం ఆ 'అనుకుంటా' దగ్గరే ఉండిపోయింది.

పోయిన ఏడు పెద్దక్కను చూడటానికి వెళ్ళింది. ఆట మానేసి నాలుగేళ్ళయింది, ఎవరి పెళ్ళిళ్ళకూ రాదు, ఫోను ఎత్తదు. పొగరు పెరిగిందని జట్టులో అనుకునేవాళ్ళు. మేడ మీద ఇల్లు. పట్టపగలు కర్టెన్లన్నీ మూసి ఉన్నాయి, టీవీకి గుడ్డ కప్పి ఉంది. తలుపు తీసింది పెద్దక్క భర్త. బట్టల దుకాణంలో పని చేసే సన్నపాటి మనిషి, మెడలో కొలత టేపు అలాగే ఉంది.

పెద్దక్క బాగానే ఉంది. కాస్త ఒళ్ళు చేసింది. టీ తాగుతూ ఒక జోకు చెప్పింది. ఒకసారి విమానాశ్రయంలో సామాను బరువు ఎక్కువైందని వాళ్ళ కీపరు ప్యాడ్లన్నీ ఒంటికి తగిలించుకుని వరసలో నిలబడిందట. కాపలావాడు తీసేయమంటే, "తీస్తే గోలు పడుతుందండీ" అందట. ముగ్గురూ పడీ పడీ నవ్వారు. కాసేపయ్యాక పెద్దక్క, "నీకు మా కీపరు సంగతి చెప్పానా?" అని మళ్ళీ మొదలుపెట్టింది. అదే జోకు, అవే విరుపులు, అక్కడే నవ్వు. ఆమె కూడా నవ్వింది. మూడోసారి చెప్పినప్పుడు అందులో కీపరు లేదు. "గొళ్ళెం అని ఒక పిల్ల ఉండేదిలే మా జట్టులో, నీకు తెలీదు. అది ఏం చేసిందో తెలుసా..." అంటూ ఆమె కళ్ళలోకి చూస్తూనే చెప్పింది.

మెట్ల దాకా సాగనంపుతూ ఆయన అన్నాడు, "మూడుసార్లూ నవ్వారు. చాలామంది రెండోసారికే లేచి వెళ్ళిపోతారమ్మా."

"మరి మీరు?"

"నేనా? రోజూ నవ్వుతాను. జోకు మంచిదే కదా." టేపును మెడ చుట్టూ సర్దుకున్నాడు. "నవ్వకపోతే దానికి అనుమానం వస్తుంది."

ఆ సంగతి ఆమె జట్టులో ఎవరికీ చెప్పలేదు. కడుపు చించుకుంటే కాళ్ళ మీదే పడుతుంది. చెబితే పెద్దక్క పరువు పోతుందని అనుకుంది. అది అబద్ధమని అప్పుడూ తెలుసు. చెబితే ఎవరో ఒకరు తన వంక చూస్తారు. అందుకే చెప్పలేదు.

ఇప్పుడు కర్టెన్ మూసిన గదిలో కూర్చుని ఆమె తనకు తాను ఒక వాదన తయారుచేసుకుంది. నేను తప్పుకుంటే మిడత పరిగెత్తాలి. దాని తలకూ దెబ్బ తగిలే ఉంది. అంటే నేను పరిగెత్తితే దాన్ని కాపాడినట్టే కదా? ఆ వాదన ఎంత తీయగా ఉందంటే, నాలుక మీద పెట్టగానే దాని వెనకాల ఉన్నదేమిటో తెలిసిపోయింది. వెనకాల ఉన్నది ఒక మెడ. ఆ మెడలో వెండి కానిది ఏదైనా పడాలన్న ఆశ. ఆట లేకపోతే ఆమెకున్నది ఆటగాళ్ళకు ఇచ్చే ఒక ఉద్యోగం. ఆ ఆఫీసులో ఆమెకొక కుర్చీ, ఒక సొరుగు ఉన్నాయి, పని లేదు. సొరుగులో తనేం పెట్టిందో గుర్తు చేసుకోబోయి, భయపడి ఆగిపోయింది.

బయల్దేరే ముందు అందరూ సమావేశం గదిలో చేరారు. కుర్చీలు గుండ్రంగా వేసి ఉన్నాయి. బోర్డు మీద కోచ్ గీసిన గీతలు. ప్రతి మ్యాచ్‌కు ముందు జట్టుకొక అలవాటు ఉంది. అది కూడా పెద్దక్క పెట్టిందే. మొదటి పరుగు మనిషి ముసుగు తొడుక్కుని మధ్యలో కూర్చుంటుంది. ఒక్కొక్కరే వచ్చి ఆ ముసుగు మీద వేలి కణుపులతో టక్ టక్‌మని రెండుసార్లు కొడతారు. లోపలి నుంచి జవాబు రావాలి, "ఎవరూ లేరు, తర్వాత రండి!" అని. బంతి వచ్చి తలుపు తట్టినా అదే జవాబన్నమాట. జవాబు చెప్పకపోతే ఆ రోజు గోలు పడుతుందని నమ్మకం.

ఆమె ముసుగు తొడుక్కుంది. పట్టీ బిగించగానే కణత దగ్గర నొప్పి ఒక చిన్న జంతువులా కదిలింది. కెప్టెన్ వచ్చింది. టక్ టక్.

"ఎవరూ లేరు, తర్వాత రండి."

"అద్దె ఎప్పుడిస్తారండీ?" అంది కీపరు, టక్ టక్‌మని కొడుతూ. అందరూ నవ్వారు.

"ఎవరూ లేరు, తర్వాత రండి."

ఒకరి తర్వాత ఒకరు. ప్రతి చప్పుడూ పుర్రె లోపలి దాకా వెళ్ళి, అక్కడ కాసేపు తిరిగి, బయటికి దారి తెలియక అక్కడే కూర్చుంటోంది. ఆఖరున మిడత వచ్చి కొట్టి, ముసుగు మీద ముద్దు కూడా పెట్టి గెంతుతూ పోయింది. అయిపోయింది. కోచ్ బోర్డు వైపు తిరిగి మాట్లాడటం మొదలుపెట్టాడు. వాళ్ళ విసిరే పిల్ల కుడి పక్క పైకి విసురుతుంది, రెండో పరుగు ఎక్కడ ఉండాలి, కీపరు ఎటు వాలాలి. ఆమె వింటోంది. మాటలు అర్థమవుతున్నాయి. వాటి వెనకాల ఎక్కడో ఎవరో తలుపు తడుతున్నారు.

"ఎవరూ లేరు, తర్వాత రండి!" అంది ఆమె.

తలలన్నీ ఆమె వైపు తిరిగాయి. తర్వాత అందరూ ఒక్కసారిగా విరగబడి నవ్వారు. కోచ్ చేతిలో పెన్ను ఆగింది. అప్పటిదాకా దానితో బోర్డు మీద టక్ టక్‌మని కొడుతూ చెబుతున్నాడాయన. "ఓసి నీ..." అని ఆయనా నవ్వేశాడు. "కోచ్‌నే తర్వాత రమ్మంటావా? శభాష్. అవతలివాళ్ళకు కూడా ఇదే మాట చెప్పు." మిడత అందరికంటే ఎక్కువ నవ్వుతోంది, పక్కదాని భుజం మీద పడిపోయి, కళ్ళు తుడుచుకుంటూ.

అది జోకు కాదని ఆ గదిలో ఆమెకొక్కదానికే తెలుసు. ముసుగు లోపల ఆమె కూడా నవ్వింది, అందరి నవ్వుతో కలిసేలా. నవ్వకపోతే అనుమానం వస్తుంది. ఆ మాట మనసులోకి రాగానే అది ఎవరిదో గుర్తొచ్చింది. మెడలో కొలత టేపు గుర్తొచ్చింది. జోకు మంచిదే కదా.

సమావేశం ముగిసింది. కుర్చీలు జరిగాయి, సంచుల జిప్పులు లాగారు, ఎవరో బస్సు వచ్చిందని అరిచారు. ఆమె ముసుగు తీసి చంకలో పెట్టుకుంది. గుమ్మం దగ్గర ఆమె చెయ్యి చాచి మిడత మణికట్టును పట్టుకుంది.

"అక్కా, బస్సు కింద కదా! ఎటు?"

ఆమె పట్టు వదల్లేదు. లిఫ్టు దాటి, నడవాలో అవతలి చివరకు నడిచింది. మిడత మొదట గెంతుతూ వచ్చింది. డాక్టరమ్మ గది కనపడగానే దాని అడుగులు నెమ్మదించాయి.

"ఏం మర్చిపోయావక్కా? కట్టుగుడ్డా?"

"ఆగస్టు."

మిడత నవ్వబోయింది. ఆమె ముఖం చూసి ఆగిపోయింది. "అక్కా, పిచ్చెక్కిందా నీకు? ఇవాళ ఫైనల్! డాక్టరమ్మ ఆడమంది కదా, ఇంకేంటి?"

"నటించకుండానే పాసయ్యానే."

ఆ మాటలో ఉన్నది అర్థం కావడానికి మిడతకు కాస్త సమయం పట్టింది. అర్థమయ్యాక చెయ్యి గుంజుకోబోయింది. "అయితే నువ్వెళ్ళి చెప్పుకో! నన్నెందుకు లాగుతావు? నువ్వు తప్పుకుంటే పరిగెత్తేది నేనే కదా, నేను పరిగెత్తుతా! నాకేం కాలేదు. అది కావాలనే వదిలాను, చెప్పాగా."

"అనుకుంటా అన్నావు."

"మాటవరసకు అన్నాను!"

"నేనూ ఇన్నేళ్ళు మాటవరసకే అన్నాను. నీకు నేర్పిన నోరు ఇదే." ఆమె పట్టు కాస్త సడలించింది. "నేను నిన్నేం చెప్పమనడం లేదు. చెప్పుకుంటే నీ మార్చి నువ్వే చెప్పుకోవాలి. ఊరికే పక్కన నిలబడు."

మిడత కళ్ళలో నీళ్ళు తిరిగాయి. కోపమో భయమో, ఆ వయసులో రెండూ ఒకేలా ఉంటాయి. "బంగారం పోగొట్టావని నిన్ను జన్మలో ఎవరూ క్షమించరు," అంది చిన్నగా. చెయ్యి మాత్రం గుంజుకోవడం మానేసింది.

నిజమే, క్షమించరు. అమ్మ మాత్రం కొళాయి కట్టేసి వచ్చి టీవీ ముందు కూర్చుంటుంది. ఆట అంతా చూసి, మా అమ్మాయి ఏదీ అని వెతుక్కుంటుంది. అవతల ఆ విసిరే పిల్ల బంతిని ఈడుస్తుంది, కుడి పక్క పైకి. ఆ దారిలో ఎవరు ఉంటారో ఆమెకు తెలియదు. ఎప్పుడూ తనే ఉండేది. అక్కడ తను లేకపోతే, ఇక్కడ ఉన్న ఈ మనిషి ఎవరు?

తలుపు మూసి ఉంది. లోపల ఐసు పెట్టె మూత వేస్తున్న చప్పుడు. పైన దీపం ఇంకా వణుకుతోంది. డిసెంబర్, నవంబర్, అనుకుంది. మిడత వేళ్ళు ఆమె చేతిలో చల్లగా ఉన్నాయి. అక్టోబర్. సెప్టెంబర్. జనవరి దాకా వెళ్ళింది. ఆగస్టు వచ్చిందో లేదో తెలియలేదు. మళ్ళీ మొదలుపెట్టలేదు.

ముసుగును చంకలో సర్దుకుని, చెయ్యి ఎత్తి, వేలి కణుపులతో తలుపు మీద రెండుసార్లు కొట్టింది.